గుండెదడను పట్టుకునే గది

మా గదికి వచ్చేవాళ్లలో చాలామంది మొదట అడిగేది ఒకటే. "దడ తగ్గించండని వస్తే, మీరే దాన్ని తెప్పిస్తామంటారేంటమ్మా?" టేబుల్ మీద పడుకోబెట్టి ఛాతీకి ఈసీజీ స్టిక్కర్లు అంటిస్తుంటే అడుగుతారు. అప్పటికే డాక్టరుగారు అంతా వివరించి ఉంటారు, కాగితాల మీద సంతకాలూ అయిపోయి ఉంటాయి. అయినా అడుగుతారు. అడగాలి కూడా. చేతిలో పని ఆపి జవాబు చెబుతాను. దడ వచ్చినప్పుడే అది ఎక్కడ మొదలవుతోందో, ఏ దారిలో తిరుగుతోందో మాకు తెలుస్తుంది. అది లేనంత సేపూ మీ గుండె అందరి గుండెలాగే ఉంటుంది, మాకు పట్టుకోవడానికి ఏమీ దొరకదు అని.

నేను ఈపీ ల్యాబ్ టెక్నాలజిస్టుని. ఎలక్ట్రోఫిజియాలజీ అని పూర్తిపేరు రాసేది పరీక్షల్లోనే. ఆస్పత్రిలో అందరికీ అది ఈపీ. స్టెంట్లు వేసే క్యాథ్ ల్యాబ్ సంగతి ఇప్పుడు ఊరూరా తెలుసు. అక్కడ చూసేది రక్తనాళాలు పూడుకున్నాయా లేదా అని. మేం చూసేది గుండెను కొట్టుకునేలా చేసే విద్యుత్తుని. డాక్టరు లెడ్ ఏప్రన్ వేసుకుని రోగి పక్కన నిలబడి, గజ్జల్లోని సిరల గుండా సన్నటి క్యాథెటర్లని గుండెలోకి నడుపుతారు. నేను అద్దానికి ఇవతల కన్సోల్ ముందు కూర్చుంటాను. క్యాథెటర్ల కొసల నుంచి వచ్చే సంకేతాలు నా తెర మీద రంగురంగుల గీతలై పరిగెడతాయి. మామూలు ఈసీజీ కాగితం సెకనుకి 25 మిల్లీమీటర్ల వేగంతో కదులుతుంది. మా తెర మీద 100, ఒక్కోసారి 200. సెకనులో వందో వంతు తేడా వచ్చినా మాకు లెక్కే.

గుండె కుడి పైగదిలో సైనస్ నోడ్ ఉంటుంది. విశ్రాంతిగా ఉన్నప్పుడు నిమిషానికి 60 నుంచి 100 సార్లు సంకేతం పంపేది అదే. 1907లో ఇంగ్లండులో ఆర్థర్ కీత్, మార్టిన్ ఫ్లాక్ దాన్ని గుర్తించారు. అంతకు ఏడాది ముందే, జర్మనీలో చదువుకుంటున్న జపాన్ వైద్యుడు సునావో తవారా పైగదులకీ కిందిగదులకీ నడుమ ఉన్న ఏవీ నోడ్‌ని వివరించాడు. పైనుంచి వచ్చిన సంకేతాన్ని ఈ ఏవీ నోడ్ సెకనులో పదో వంతు సేపు నిలిపి కిందికి వదులుతుంది. ఆ కాస్త ఆలస్యంలోనే పైగదులు పిండిన రక్తం కిందిగదుల్లోకి చేరుతుంది. మామూలు గుండెలో విద్యుత్తు పైనుంచి కిందికి దిగడానికి ఈ నోడ్ తప్ప వేరే దారి లేదు. దిగిన సంకేతం తిరిగి పైకి ఎక్కడానికి ఇంకో దారి ఉన్నప్పుడే చిక్కు మొదలవుతుంది.

వేగంగా కొట్టుకునే ప్రతి గుండెకీ ఆ చిక్కు ఉండదు, ఇది ముందే చెప్పాలి. జ్వరం వస్తే, రక్తం తక్కువైతే, థైరాయిడ్ పెరిగితే, ఒంట్లో నీళ్లు తగ్గితే, భయపడితే సైనస్ నోడే వేగం పెంచుతుంది. అక్కడ గుండె తన పని తాను చేస్తోంది. కారణానికి వైద్యం చేస్తే వేగం దానంతటదే దిగుతుంది. అలాంటివాళ్లు మా టేబుల్ మీదికి రాకూడదు.

ఖమ్మం వైపు నుంచి వచ్చిన ఒకావిడ గురించి రాయాలి. పత్తి ఏరే పనికి వెళ్తుంది, నలభై లోపు వయసు. చేతిసంచి నిండా రిపోర్టులు. ఎకో నార్మల్, ట్రెడ్‌మిల్ నార్మల్, ఎండోస్కోపీ నార్మల్, థైరాయిడ్ నార్మల్. ఒకరు గ్యాస్ అన్నారు. ఒకరు నీరసం అన్నారు. చివరికి "మనసులో ఏదో పెట్టుకున్నావు" అని నిద్రమాత్రలు రాశారు. ఊళ్లో గాలి సోకిందని తాయెత్తు కట్టారు. ఆ సంచిలో లేనిది ఒక్కటే, దడ వస్తున్నప్పుడు తీసిన ఈసీజీ. ఆటో దొరికి, ఆస్పత్రికి చేరి, ఓపీ చీటీ రాయించుకునేసరికి దడ పోయేది. అప్పుడు ఈసీజీ తీస్తే శుభ్రంగా వచ్చేది. కాగితంలో ఏమీ లేదు కాబట్టి లోపం మనిషిలోనే ఉందని తేల్చేవాళ్లు.

నిజానికి రోగమంతా ఆవిడ మాటల్లోనే ఉంది. "వంగి లేస్తే టక్కున మొదలైతది మేడం. మెడ కాడ టపటప కొట్టుకుంటది, గుండె గొంతులకొచ్చినట్టే. మళ్ల టక్కున బందయితది. అది పోయినంక మస్తుసార్లు ఒంటికి పోవాల్సొస్తది." భయంతో వచ్చే దడ మెల్లగా పెరిగి మెల్లగా తగ్గుతుంది. ఒక్క బీటులో మొదలై ఒక్క బీటులో ఆగేది దాదాపు ఎప్పుడూ విద్యుత్తు ఒకే చోట గుండ్రంగా తిరిగే సర్క్యూట్ దడే. అందులో ఏవీ నోడ్ దగ్గర తిరిగే రకంలో పైగదులూ కిందిగదులూ ఒకేసారి ముడుచుకుంటాయి. మధ్యలో కవాటాలు మూసి ఉండటంతో పైగదుల రక్తం వెనక్కి మెడ సిరల్లోకి తన్నుతుంది. గొంతులో కొట్టుకున్నట్టు ఉండేది అందుకే. పైగదులు సాగినప్పుడు వాటి నుంచే మూత్రాన్ని పెంచే హార్మోన్ వెలువడుతుంది. ఆవిడ చెప్పిన నాలుగు వాక్యాల్లో ఒక్క మాట కూడా వృథా లేదు.

ఏవీ నోడ్ దగ్గర తిరిగే ఈ దడ మగవాళ్లలో కన్నా ఆడవాళ్లలో ఎక్కువ. ఆడమనిషి దడ అని చెబితే భయం అని రాసెయ్యడమూ ఎక్కువే. ఈ రెండూ కలిసి ఎంతమందిని ఏళ్ల తరబడి తిప్పాయో తలుచుకుంటే నాకు ఇప్పటికీ కోపం వస్తుంది.

ఆవిడని ఒడ్డున పడేసింది ఒక ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలోని స్టాఫ్ నర్సు. దడతోనే లోపలికి అడుగుపెట్టిన మనిషిని చూసి, పేరు రాసుకోకముందే లీడ్లు పెట్టి ఈసీజీ తీసింది. నిమిషానికి 190. సన్నటి బీట్లు, గడియారం కొట్టినంత సమంగా. మా డాక్టరుగారు ఆ కాగితం చూసి రెండో ప్రశ్న అడగలేదు, తేదీ ఇచ్చారు.

ఏవీ నోడ్‌కి చేరే దారులు కొందరిలో రెండుంటాయి. ఒకటి వేగంగా మోస్తుంది గానీ మళ్లీ సిద్ధం కావడానికి ఎక్కువ సమయం తీసుకుంటుంది. రెండోది నెమ్మది, కానీ త్వరగా తేరుకుంటుంది. ఎక్కడో ఒక బీటు ముందుగా పడితే వేగపు దారి ఇంకా తేరుకోక ఆ సంకేతాన్ని తీసుకోదు. అది నెమ్మది దారిలో దిగుతుంది. కిందికి చేరేసరికి వేగపు దారి ఖాళీగా ఉంటుంది, దాన్ని పట్టుకుని పైకెక్కుతుంది. మళ్లీ నెమ్మది దారిలో కిందికి. ఇక గానుగెద్దులా అక్కడే తిరుగుతుంది, తిరిగిన ప్రతిసారీ గుండెని ఒకసారి కొట్టిస్తుంది.

ఆ తిరుగుడుని ల్యాబ్‌లో మొదలుపెట్టడం నా పని. స్టిమ్యులేటర్‌తో 600 మిల్లీసెకన్ల ఎడంగా ఎనిమిది బీట్లు ఇచ్చి, తొమ్మిదోదాన్ని కాస్త ముందుగా ఇస్తాను. 400. మామూలే. 390. మామూలే. పది పది చొప్పున దగ్గరికి జరుపుతూ పోతాను. ప్రతి మెట్టులోనూ పైగది సంకేతానికీ, ఏవీ నోడ్ కింద మొదలయ్యే హిస్ బండిల్ సంకేతానికీ మధ్య దూరం కొలుస్తాను. అది కొద్దికొద్దిగా పెరుగుతుంది. అలా పెరుగుతూ ఒకచోట ఒక్కసారిగా 50 మిల్లీసెకన్లకి పైగా ఎగురుతుంది. సంకేతం వేగపు దారి వదిలి నెమ్మది దారిలో పడిందన్నమాట. "జంప్ సార్" అంటాను మైకులో. ఆవిడకి ఆ జంప్ వచ్చింది గానీ దడ నిలవలేదు. గుండె వేగం పెంచే ఐసోప్రెనలిన్ డ్రిప్ మొదలుపెట్టి, వేగం కొంచెం పెరిగాక మళ్లీ ఇచ్చాం. ఈసారి గీతలన్నీ దగ్గరికి జరిగి ఒకే తీరున పరిగెత్తాయి.

డాక్టరుగారు వంగి అడిగారు. "అమ్మా, ఇంటి దగ్గర వచ్చేది ఇదేనా?"

"ఇదే సారూ, గిదే." ఏడుస్తూనే నవ్వింది. ఈ పనిలో నాకు అన్నిటికన్నా విలువైన మాట ఇదే. అన్నేళ్లుగా తనొక్కతే పడుతున్నదాన్ని గదిలో అందరం చూశాం. అది తన ఊహ కాదని ఆవిడకి తెలిసింది.

తర్వాతి పని నిజంగా సున్నితమైనది. నెమ్మది దారి ఏవీ నోడ్‌కి కొన్ని మిల్లీమీటర్ల దూరంలోనే ఉంటుంది. క్యాథెటర్ కొసని అక్కడ ఆనించి రేడియోఫ్రీక్వెన్సీ శక్తి ఇస్తే కొస దగ్గరి కణజాలం 50, 60 డిగ్రీలకి వేడెక్కి ఆ కాస్త చోటు చచ్చుబడుతుంది. సరైన చోట పడిందనడానికి గుర్తుగా ఏవీ నోడ్ ఉన్న జంక్షన్ నుంచి బీట్లు వస్తాయి. ఆ క్షణాల్లో నా కళ్లు తెర మీద ఒక్క విషయం మీదే ఉంటాయి, అలా వచ్చిన ప్రతి బీటు వెనకా పైగది సంకేతం ఉందా లేదా అని. ఒక్కటి తప్పినా "ఆఫ్!" అని అరుస్తాను, డాక్టరు వెంటనే పెడల్ మీంచి కాలు తీస్తారు. ఇక్కడ మర్యాదలు, 'సార్' అనడాలు ఉండవు. ఏవీ నోడ్ దెబ్బతింటే జీవితాంతం పేస్‌మేకర్ పెట్టాల్సి వస్తుంది. అది నూటికి ఒకరికన్నా తక్కువమందికే జరుగుతుంది. ఆ ఒకరు మా టేబుల్ మీద ఉండకూడదనే అంత అప్రమత్తత.

తర్వాత అరగంట ఆగి, మళ్లీ అదే స్టిమ్యులేటర్‌తో దడ తెప్పించడానికి శాయశక్తులా ప్రయత్నిస్తాం. రాకపోతేనే పని అయినట్టు. ఈ రకం దడలో నూటికి 95 మందికి పైగా ఒక్కసారితోనే నయమవుతుంది. మందులు మింగుతూ బతకాల్సిన అవసరం ఉండదు. గుండె కోయకుండా, మత్తు కూడా పూర్తిగా ఇవ్వకుండా ఇంత జరుగుతుందంటే చాలామంది నమ్మరు. ఇక్కడికి చేరడానికి వైద్యానికీ చాలాకాలమే పట్టింది. 1968లో అమెరికాలోని డ్యూక్ విశ్వవిద్యాలయంలో ఒక చేపలు పట్టే ఆయనకి ఛాతీ తెరిచి గుండెలోని అదనపు దారిని కోశారు. 1982లో మెల్విన్ షీన్‌మన్ క్యాథెటర్ ద్వారా షాక్ ఇచ్చి చేసిన పద్ధతిని ప్రకటించారు. 1980ల చివర్లో రేడియోఫ్రీక్వెన్సీ వచ్చాకే ఇది రోజువారీ వైద్యమైంది.

ఆ చేపలాయనకి ఉన్నది వేరే రకం. పుట్టుకతోనే పైగదికీ కిందిగదికీ మధ్య ఒక కండరపు పోగు మిగిలిపోతుంది. 1930లో వుల్ఫ్, పార్కిన్సన్, వైట్ అనే ముగ్గురు డాక్టర్లు పదకొండు మందిలో దీన్ని వర్ణించారు కాబట్టి వాళ్ల పేర్లతోనే పిలుస్తారు. చాలామందిలో దడ లేనప్పుడు తీసిన ఈసీజీలో కూడా ఇది కనిపిస్తుంది. బీటు మొదట్లో చిన్న ఏటవాలు ఉంటుంది. మా డిపార్ట్‌మెంట్‌లో చేరే పిల్లలకి నేను మొదట నేర్పేది ఆ ఏటవాలుని చూడటమే. ఇలాంటివాళ్లకి పైగదులు చిందరవందరగా కొట్టుకోవడం మొదలైతే, ఆ అదనపు దారికి ఏవీ నోడ్‌లా ఆపే గుణం లేదు కాబట్టి అంత వేగమూ కిందికి దిగిపోవచ్చు. అప్పుడు ఏవీ నోడ్‌ని మాత్రమే నెమ్మదింపజేసే వెరాపమిల్ లాంటి మందులిస్తే ప్రాణం మీదికి వస్తుంది. తేడా తెలిసేది కాగితం చూస్తేనే.

క్యాజువాలిటీ నుంచి ఫోను వస్తే నేనూ పరిగెడతాను. సన్నటి బీట్లతో సమంగా పరిగెత్తే దడకి ముందు మందు అక్కర్లేదు. 10 మిల్లీలీటర్ల సిరంజిలోకి దాని పిస్టన్ కదిలేలా పదిహేను సెకన్లు ఊదమని, వెంటనే వెల్లకిలా పడుకోబెట్టి కాళ్లు పైకెత్తి ఇంకో పదిహేను సెకన్లు పట్టుకోవాలి. 2015లో బ్రిటన్‌లో వెలువడిన పరీక్షలో ఇలా కాళ్లెత్తిన పద్ధతితో నూటికి 43 మందికి దడ ఆగింది, కాళ్లెత్తని పాత పద్ధతిలో 17 మందికే. పైసా ఖర్చు లేని వైద్యం. దీన్ని ప్రతి మండల ఆస్పత్రిలో నేర్పాలి.

అది పనిచేయకపోతే అడినోసిన్. మోచేతి దగ్గరి పెద్ద సిరలో 6 మిల్లీగ్రాములు, వెనకే సెలైన్ ఒక్క తోపు. రక్తంలో దాని ఆయుష్షు కొన్ని సెకన్లే, అందుకే అంత వేగం. ఆ కొన్ని సెకన్లలో ఏవీ నోడ్ పూర్తిగా ఆగిపోతుంది, మానిటర్ మీద గీత చదునవుతుంది, రోగికి ప్రాణం పోతున్నట్టే ఉంటుంది. ముందే చెప్పాలి, "అమ్మా, గుండె పట్టేసినట్టు ఉంటుంది, లోపల ఏదో అయిపోతున్నట్టు ఉంటుంది, పది లెక్కపెట్టేలోపు పోతుంది, నేను చెయ్యి పట్టుకునే ఉంటాను" అని. చెప్పకుండా ఇస్తే ఆ మనిషి మళ్లీ దడ వచ్చినా ఆస్పత్రి మెట్లెక్కదు. అలా భయపడి ఇంట్లోనే ఉండిపోయినవాళ్లని చూశాను. ఉబ్బసం ఉన్నవాళ్లకి ఈ మందు విషయంలో జాగ్రత్త వేరే.

పైగదులు సర్క్యూట్‌లో కాకుండా చిందరవందరగా వణికే ఏట్రియల్ ఫిబ్రిలేషన్ వేరే కథ. అందులో నాడి ఏ లెక్కకీ అందదు. మన దగ్గర ఈ రోగులు ఎందరో చిన్నప్పటి కీళ్లవాతపు జ్వరంతో మైట్రల్ కవాటం పాడైనవాళ్లు. వణికే గదిలో రక్తం గడ్డకట్టి, ఆ గడ్డ మెదడుకి పోతే పక్షవాతం. దడ కన్నా ఆ గడ్డే అసలు ప్రమాదం, అందుకే రక్తాన్ని పల్చబరిచే మాత్ర. కొత్త మాత్రలు వచ్చాయి గానీ, ఈ కవాటపు జబ్బువాళ్లకి పాత మాత్రే మెరుగని 2022లో వచ్చిన పెద్ద పరిశోధన తేల్చింది. ఆ పాత మాత్రతో, రక్తం ఎంత పల్చబడిందో చెప్పే ఐఎన్‌ఆర్ పరీక్ష 2 నుంచి 3 మధ్య ఉండాలి. ఆకుకూరలు ఆ మాత్ర ప్రభావాన్ని తగ్గిస్తాయి కాబట్టి, "ఆకుకూరలు మానెయ్యమన్నారు" అని పెద్దవాళ్లు దిగులుగా చెబుతారు. మానక్కర్లేదు పెద్దమ్మా, వారం వారం ఒకే తీరున తినండి, ఒక వారం రోజూ తోటకూర, ఇంకో వారం అసలే లేకుండా చేయకండి అంటాను. దడ తగ్గింది కదా అని మాత్ర మానేసి, చెయ్యీ కాలూ పడిపోయి వచ్చినవాళ్లని స్ట్రెచర్ మీద చూడటం నాకు ఎప్పటికీ అలవాటు కాలేదు.

కిందిగదుల నుంచి పుట్టే దడ ఇంకా వేరు. బీట్లు వెడల్పుగా వస్తాయి. చాలామందిలో పాత గుండెపోటు మిగిల్చిన మచ్చ చుట్టూ విద్యుత్తు తిరుగుతుంటుంది. రోగి కూర్చుని మాట్లాడుతున్నాడు కదా అని దాన్ని తేలిగ్గా తీసుకోకూడదు. వెడల్పు బీట్ల దడని వేరేదని రుజువయ్యేదాకా ప్రమాదకరమైనదిగానే చూడాలి. బీపీ పడిపోతే షాకే వైద్యం. అలాంటివాళ్లకి ఛాతీలో అమర్చే, దడని గుర్తుపట్టి తనే షాక్ ఇచ్చే ఐసీడీ, తన గురువు ఇలాంటి లయతోనే పోవడంతో కదిలిపోయిన మిషెల్ మిరోవ్‌స్కీ పట్టుదల ఫలితం. 1980లో మొదటిసారి మనిషికి అమర్చారు.

ఇందులో హైదరాబాద్‌కి సొంతమైన అధ్యాయం ఒకటుంది. గుండె పంపింగ్ బాగానే ఉండి, గుండెపోటు చరిత్ర లేకుండా ఈ వెడల్పు దడతో వచ్చే రోగుల్ని ఇక్కడి వైద్యులు వదలకుండా వెతికారు. ఛాతీలో లింఫ్ గ్రంథులు వాచి ఉన్నాయని గమనించి, ముక్క తీసి పరీక్షిస్తే కొందరిలో క్షయ, కొందరిలో సార్కాయిడోసిస్ అనే వాపు జబ్బు బయటపడ్డాయి. డాక్టర్ కాలంబూర్ నరసింహన్ బృందం 2011లో ఒక పెద్ద అంతర్జాతీయ హృద్రోగ పత్రికలో దీన్ని ప్రచురించింది. అప్పటి నుంచి మా దగ్గర ఇలాంటి రోగి వస్తే నేరుగా కాల్చేద్దామని ఎవరూ అనరు, ముందు స్కాన్, తర్వాత బయాప్సీ. క్షయ అయితే క్షయ మందులు, సార్కాయిడ్ అయితే స్టెరాయిడ్లు. గుండె కండరంలోకి పాకిన ఆ జబ్బు మంట ఆరకుండా పైన ఎన్నిచోట్ల కాల్చినా దడ ఇంకోచోట లేస్తుంది. క్షయ ఇంతగా ఉన్న దేశంలో ఈ ఆలోచన ఇక్కడి నుంచే రావడం నాకు గర్వం.

ఇప్పుడు చేతి గడియారాలు కూడా ఒక వరస ఈసీజీ తీస్తున్నాయి. ఫోన్లో ఆ గీత చూపించే కుర్రాళ్లని నేను ఆపను. దాంతో రోగమంతా తేలకపోయినా, దడ నడుస్తున్నప్పటి గీత అది. గడియారం లేనివాళ్లకి నేను చెప్పేది ఇది. దడ వస్తే దగ్గర్లో ఈసీజీ మిషను ఉన్న చోటికి, చిన్నదైనా సరే, దడతోనే వెళ్లండి. "ముందు ఈసీజీ తీయండి" అని అడగండి. నర్సమ్మలకి, డ్యూటీ డాక్టర్లకి ఇంకో మాట. అడినోసిన్ ఇస్తున్నంత సేపూ కాగితం నడవనివ్వండి. దడ ఎలా ఆగిందో చెప్పే ఆ అడుగు పొడవు కాగితం ఎక్కువసార్లు చెత్తబుట్టలోకి పోతుంది. మాకు పైనుంచి కింది వరకూ ఏ దారి తెగిందో చూపేది అదే. ఈసీజీ కాగితం వేడికి నల్లబడే రకం, కొన్నేళ్లలో గీతలు వెలిసిపోతాయి. కాబట్టి అదే రోజు జిరాక్స్ తీయించి, ఫోన్లో ఫోటో కూడా పెట్టుకోండి. లామినేషన్ మాత్రం చేయించొద్దు, ఆ వేడికి కాగితమంతా నల్లబడి ఒక్క బీటూ మిగలదు.